క్రియ లేని వాక్యం

అడిలైడ్‌లో, థెబర్టన్ ట్రాము రోడ్డు మీద రెండో అంతస్తు గది.
నా పని పుస్తకాల చివర సూచిక రాయడం.
పోయినేడాది వంటల పుస్తకం, అంతకుముందు గొర్రెల రోగాలు.
ఈసారి ఆరువందల పన్నెండు పేజీల వ్యాకరణం.
ఉత్తరాన, పదకొండు గంటల బస్సు దూరంలో
ఏడుగురు మాట్లాడే భాష.
(రాయడం మొదలుపెట్టినప్పుడు ఏడుగురు. మూడో పేజీ, అడుగున గమనిక.)

వ్యాకరణాన్ని ఎవరూ మొదట్నించి చివరిదాకా చదవరు.
నేను చదవాలి. కూలి అందుకే.
ప్రతి ఉదాహరణ కిందా మాటల్ని విప్పి పెట్టారు
చేప ముళ్ళు తీసి పళ్ళెం అంచున పేర్చినట్టు.

88: చెల్లి నాకు తోక ముక్క ఒక్కటీ మిగల్చలేదు.
141: ఆ తెల్లాయన ట్రక్కు ఇసుకలో దిగబడింది.
142: మళ్ళీ.
305: వాన సంగతి నన్నడక్కు, నా మోకాలినడుగు.

విభక్తుల కోసం చెప్పినవట.
నాకు మాత్రం ఒక మనిషి వినబడింది,
గొంతులో కాస్త పొగాకు, బోలెడు పొగరు.

తొంభై ఏడో పేజీలో పెన్సిల్ ఆగింది.
ఎదుటివాళ్ళని కలుపుకుంటే ఒక మాట, కలుపుకోకపోతే ఇంకో మాట.
ఇంగ్లిషు చదువరికి అర్థం కాదేమోనని
పెథెరిక్ గారు పాపం రెండున్నర పేజీలు రాశారు.
నేను మార్జిన్లో రెండు మాటలు రాసుకున్నా: మనం. మేము.
"మేము సినిమాకెళ్తున్నాం" అని పక్కింటి సుగుణ అన్నప్పుడు
చెప్పులేసుకుని కూడా గుమ్మంలో ఆగిపోయాను, అయిదేళ్ళప్పుడు.
ఆ పాఠం నాకు ఎవరూ చెప్పక్కర్లేదు.

వాళ్ళకి ఇంకోటి కూడా ఉంది, అచ్చంగా ఇద్దరి కోసం.
మనిద్దరం అని మనం అతికించుకునేది
వాళ్ళకి రెండక్షరాలు, ఒక్క ఊపిరి.

రెండో ప్రూఫు వచ్చిన మంగళవారం ఫోన్ మోగింది.
నోలీన్. ఆ తోక ముక్క మిగల్చని చెల్లెలి కూతురు.
పెద్దమ్మ శనివారం పోయింది, అంది.
పుస్తకంలో పేరు తీసెయ్యండి.
ఆ పేరులాగే వినబడే మాట ఒకటుంది, తడి మట్టి వాసనకి.
దాన్ని కూడా పక్కన పెట్టేశాం.
ఎన్నాళ్ళు? అన్నాను, ఉద్యోగం అలాంటిది.
వుయ్‌ల్ లెట్ యూ నో, అంది.
ఆ వుయ్ నాకు తెలుగులో వినబడింది: మేము.
అదే గుమ్మం. ఈసారి ఆగడం చిన్నతనమనిపించలేదు.

ముప్ఫై ఎనిమిది చోట్ల ఉంది పేరు.
కృతజ్ఞతల్లో, ఫోటో కింద, టేపుల జాబితా నిండా.
ఒక్కొక్కటే తీస్తుంటే పండు గింజలు ఏరుతున్నట్టుంది,
తినడానికి కాదు మరి, దేనికో.
తడి మట్టి మాట పక్కన "ప్రస్తుతం వాడుకలో లేదు" అని చేర్చాను.
ఎప్పటిదాకానో తేదీ వెయ్యమన్నారు. వెయ్యలేదు.

చివరికి మిగిలింది నాలుగో అధ్యాయం, క్రియ లేని వాక్యాలు.
ఇంగ్లిషుకి అక్కడ ఒక ఈజ్ ఉండాలి, మేకు కొట్టినట్టు.
ఆమెకి అక్కర్లేదు. నాకూ అక్కర్లేదు.
ఇది నిప్పు. అది మా కుక్క. ఈ నీళ్ళు చేదు.
219లో తన గురించి తనే చెప్పుకుంది:
నా పేరు, ఆ వెంటనే పేరు.

వేరే పేరేదైనా పెట్టమన్నారు పెథెరిక్ గారు, గొంతు బాగాలేదు ఆయనకి.
ఉదాహరణే ఎత్తేస్తే వెనకాల అంకెలన్నీ జరుగుతాయన్నారు ప్రెస్సు వాళ్ళు.
నేను గీత పెట్టాను.

నా పేరు ______.

వాక్యం పూర్తయినట్టే ఉంది. మూడు సార్లు చదివాను.

ప్రెస్సుకి పంపని సూచిక ఒకటి నా సొరుగులో ఉంది, తెలుగులో.
గీత, 219. చూ. మేము.

మొన్న సాయంత్రం ఇక్కడ వాన పడింది, నాలుగు నెలల తర్వాత.
కిటికీ తీశాను.
కింద ట్రాము పట్టాల పక్క మట్టి తడిసి, పైకొచ్చింది ఆ వాసన.
దానికి నా భాషలో ఉన్న మాట నోటిదాకా వచ్చింది.
ఆ పూటకి అనలేదు.