రెండో రీలు వచ్చేదాకా

కొత్తపేట హాల్లోనూ మా హాల్లోనూ
ఒకటే సినిమా, ఒకటే ప్రింటు.
అక్కడ తిరిగిన రీలు
బాజీ సైకిలెక్కి ఇక్కడికి రావాలి.

వానొస్తే మూడొంతెనల కింద మోకాల్లోతు నీళ్ళు.
తెర తెల్లబోయేది. నేల టికెట్టు ఈలలు.
అప్పుడు మా పున్నారావు బాబాయి
తుప్పు డబ్బాలోంచి తీసేవాడు ముంగిసని.

ఏ దేశం బొమ్మో, ఏ కాలందో. మాటల్లేవు.
కోటు కాలరెత్తి, టోపీ కిందకి లాగి,
చంకలో పెట్టెతో ముంగిస గూఢచారి.
వెనక నల్లకళ్ళద్దాల పాములు.
గీతలు పడ్డ ఫిల్ము మీద
దానికీ ఎప్పుడూ వానే.

మిర్చియార్డు హమాలీలు
బస్తాలు దించిన ఒళ్ళతో, తుమ్ముతూ, అరిచేవాళ్ళు:
"ఒరే, ఎడం సందులోకి దూరరా!"
అది దూరేది.
తలుపేసి, పెట్టె తాళం తిప్పేది.
సరిగ్గా అప్పుడే సైకిలు బెల్లు.
బాబాయి టక్కున ఆపేసేవాడు.
హీరోయిన్ మళ్ళీ పాటందుకునేది.

పెట్టెలో ఏముందో గుంటూర్లో ఎవరికీ తెలీదు.
బాబాయి తెలుసంటాడు గానీ,
ఒకసారి దేశరహస్యమన్నాడు, ఒకసారి గుడ్లన్నాడు.

హాలు పడగొట్టి టైల్స్ షాపు కట్టాక
బాజీ కనిపించాడు, టీ బంకు దగ్గర.
ముంగిస కబురెత్తితే బిత్తరపోయాడు.
"ఏ ముంగిస?"

నిజమే.
అది పరిగెత్తినంతసేపూ
వీడు నీళ్ళలో ఉన్నాడు,
నెత్తిన పెట్టె పెట్టుకుని.

కథంతా చెప్పాను. గ్లాసు పక్కన పెట్టి
ఒక్కటే అడిగాడు:
"పెట్టె తడిసిందా?"