నీటిగీత

నాకు కిలోలు తెలీవండి.
వైనతేయ పాయ మీద ముప్పయ్యేళ్ళుగా గడ వేస్తున్నవాణ్ణి,
బరువంటే నాకు పడవ ఎంత దిగిందనే.
ఎరువు బస్తా ఎక్కితే ఒక వేలు,
పెళ్ళివారెక్కితే బెత్తెడు,
కొబ్బరికాయలైతే అంచు నీళ్ళు తాగేదాకా.

మా కొక్కిరాయిలంక పిల్ల, వనుము వరహాలు,
రాజోలు పాతినప కొట్లో లారీ ఇరుసు కొని
పడవలో అడ్డంగా పెట్టింది.
"మనిషికి అయిదు, దీనికి పది" అన్నాను.
పదమూడేళ్ళది,
ఆ ఇరుసుని భుజానికెత్తుకుని నిలబడి
"ఇప్పుడు నేనొక్కదాన్నేగా" అంది.
పడవకి తేడా తెలుస్తూనే ఉంది,
నాకే నోరు పెగల్లేదు.

డ్రిల్లు మాస్టారు నూకరాజు గారు
నూనె డబ్బాల్లో సిమెంటు పోసి బిళ్ళలు చేశారు.
ఇసక మా రేవుదే.
అంటే ఆ పిల్ల మొదట ఎత్తింది
మా లంకనేనండి, కొంచెం కొంచెం.

జిల్లా, రాష్ట్రం, ఆనక రైల్వే వాళ్ళ జట్టు.
పోటీకెళ్ళే పొద్దున పడవెక్కి
ఏట్లోకి ఉమ్ముతా కూచునేది,
తూకానికి పావుకిలో ఎక్కువుందట.
చుట్టూ ఇంత గోదారి పెట్టుకుని
గుక్కెడు తాగకుండా దాటిన మనిషిని
దాన్నొక్కదాన్నే చూశాను.

ఒకేడు సముద్రాల అవతలికి వెళ్ళొచ్చింది.
ఎన్నో స్థానమంటే "ఏడు" అని ఊరుకుంది.
చెప్పిందంతా ఇంకో పిల్ల సంగతి.
పటమ్మీద ఈగ వాలితే కనపడని దేశమట,
నాలుగు దీవులకీ కలిపి ఒక జెండా.
వరహాలుకి సుద్దపొడి అయిపోతే
తన గుప్పిట్లోది సగం పోసిందట.
వచ్చీరాని ఇంగ్లీషులో
"మీ దేశంలో ఎంతమంది?"
"పదివేలు. మీకో?"
ఇది ఇండియా లెక్క చెప్పలేదు.
"మా లంకలో ఓట్లు ఆరొందల నలభై" అంది.
మాదీ కోసుకుపోతోందంటే మాదీ అని
అరచేత్తో గట్టు విరిచి చూపించుకున్నారట.
ఆ పిల్ల చివరి ఎత్తు పడేసింది.
పడేసి, కడ్డీని ఒకసారి నిమిరి వెళ్ళిపోయిందట,
ఈనలేకపోయిన గేదెను నిమిరినట్టు.

మర్నాటి ఏడు వరహాలు కుడి మోచెయ్యి.
పేపర్లో జిల్లా పేజీ, నాలుగు లైన్లు.
రేవులో సంచీ నేనందుకోబోతే
ఎడంచేత్తో లాక్కుంది.
ఆ రోజు పడవ దిగలేదండి.
గీత ఎక్కడుందో అక్కడే ఉంది.
రెండుసార్లు వంగి చూశాను.

మొన్న శ్రావణం వరదకి
మాస్టారి షెడ్డు వెనక గట్టు
ఎడ్లబండంత ముక్క రాత్రికి రాత్రే జారింది.
అధికార్లొచ్చి మనుషుల్ని ఎక్కించమన్నారు.
తన దగ్గర నేర్చుకునే పిల్లలు తొమ్మిది మంది,
ఒక్కొక్కదాని ఒళ్ళో ఒక్కో సిమెంటు బిళ్ళ
పసిబిడ్డలా పెట్టి కూచోబెట్టింది.
ఆఖర్న ఇరుసు తెచ్చింది, ఎడమ భుజాన.
అంచుకి రెండు వేళ్ళే మిగిలాయి.
"దాన్నొదిలెయ్యమ్మా, మునుగుతాం" అన్నాను.
"పాత పదీ ఇప్పుడిస్తాలే బాబాయ్, గడెయ్యి" అంది.

వేశాను.
పొలాల మీదుగా, కరెంటు తీగల కిందుగా,
ఒక్కరూ కదలకుండా కూచున్నారు.

పది ఇంకా ఇవ్వలేదు.