నాలుగు డిగ్రీల దగ్గర

ఏటుకూరు రోడ్డులో
మిర్చి టిక్కీలు ఖాళీ అయిన పాత కోల్డ్ స్టోరేజి మా బడి.
బోర్డు లేదు.
గేటు కిర్రుమన్న తీరును బట్టే
వచ్చిందెవరో లోపల తెలిసిపోయేది.
నేను మొదటిసారి తోసినప్పుడు
"తొడిమలు తీసేవాళ్ళ పిల్లాడు, పొద్దుటినుంచీ ఏం తిన్లేదు" అని
చీకట్లోంచి నాగూర్‌బీ టీచరు గొంతు.

ప్రవేశ పరీక్షకి ఒక ఎండుకాయ.
చెవి దగ్గర ఊపి గింజలెన్నో చెప్పాలి.
నలభై ఏడన్నాను.
చీరి లెక్కపెట్టింది. నలభై ఆరు.
"ఆ ఒక్కటీ నీ భయం" అని
రిజిస్టర్లో పేరెక్కించింది.

మొదటి ఏడంతా తుమ్ములే.
గోడలకు పట్టిన ఘాటు ఇంకా దిగలేదు.
చప్పుడు చలికి గడ్డకడుతుందనీ
నాలుగు డిగ్రీల దగ్గర కుళ్ళకుండా ఏళ్ళకేళ్ళు ఉంటుందనీ
తుమ్ముతూ నేర్చుకున్నాం.
ఆ తుమ్ముల్నీ ఓ సంచిలో కుట్టేశాం.
దేన్నీ పారెయ్యకూడదని రూలు.

రెండో ఏడు దబ్బనం, పురికొస.
గోనె మూతి కుట్టేటప్పుడు ఊపిరి బిగబట్టాలి,
లేదా నీ ఊపిరి సరుకులో కలిసిపోతుంది.
బాజీకి అలాగే సగం పోయింది,
ఇప్పటికీ మాట మధ్యలో ఆగుతాడు.

మూడో ఏడు, చప్పుడుతో పని చేయించడం.
వాన చప్పుడు గుక్కెడు విప్పి కుండలో వంపితే
అడుగున తడి.
జట్కా గుర్రం గిట్టల చప్పుడు నేలన పరిచి నడిస్తే
అరండల్‌పేట నుంచి నల్లపాడు రెండే అంగలు.
పదకొండో గదికి మాత్రం ఎప్పుడూ తాళం.
"అప్పులవాళ్ళు తలుపు కొట్టిన చప్పుళ్ళవి,
జోలికి పోకండి" అనేది.

సంచి నంబరు రెండొందల పన్నెండు.
యార్డులో రేకుల కింద
నూట ఎనభైమంది ఆడవాళ్ళు
ఒక మధ్యాహ్నం మూడు గంటలపాటు తొడిమలు తీసిన చప్పుడు.
టుక్. టుక్. టుక్.
టీచరే కొంగులో పట్టి తెచ్చింది.
అందులో మా అమ్మ వేళ్ళున్నాయి.
ఆ మరుసటి నెలకి అమ్మ లేదు.

రోహిణి కార్తెలో ఒక రాత్రి కరెంటు పోయింది.
జనరేటరు డ్యూటీ నాది.
డీజిల్ ఉంది.
నేను హ్యాండిల్ తిప్పలేదు.

ఒంటిగంటకు కుట్లు వదులయ్యాయి.
ముందు తుమ్ములు బయటపడ్డాయి.
వెనకే, ఎప్పుడో మూతబడ్డ పొగాకు కంపెనీ సైరన్.
కొత్తపేటలో ముసలాళ్ళు కొందరు లేచి క్యారేజీలు వెతుక్కున్నారట.
చనిపోయిన లెక్కల మాస్టారి హాజరు పిలుపు సందుసందూ తిరిగితే
రిటైరైన తాసిల్దారొకాయన
నిద్రలోనే "ప్రెజెంట్ సార్" అన్నాడట.
పదకొండో గదీ ఊడింది.
ఆ రాత్రి గుంటూర్లో ఎవరూ తలుపు తియ్యలేదు.

రెండొందల పన్నెండు విచ్చుకుంది.
నా చుట్టూ నూట ఎనభైమంది వేళ్ళు.
గింజలు లెక్కపెట్టే చెవి నాది,
ఒక్క మనిషి చేతుల్ని ఏరలేకపోయాను.
అమ్మ చెయ్యి చురుకని
చురుకైనదాని వెంట పడ్డాను,
అది ఎవరి దగ్గులోకో తీసుకెళ్ళింది.
మధ్యమధ్య కళ్ళు తుడుచుకోడానికి ఆగేది కదా,
ఆ ఆగిన చోటు కోసం చూశాను.
అందరూ ఆగుతున్నారు.

తెల్లారింది.
గేటు కిర్రుమంది.
రాత్రంతా మోగనిదేమిటో టీచరుకి వినపడే ఉంటుంది,
దాని సంగతి ఎత్తలేదు.
"దొరికిందా?" అంది.
తలూపాను, లేదని.
ఖాళీ గోనె తిరగేసి దులిపింది.
ఒక తొడిమ రాలింది.
"ఊడ్చెయ్" అని చీపురు నా వైపు విసిరి
లోపలికెళ్ళిపోయింది.

ఊడ్చాను.
తొడిమ మాత్రం జేబులో వేసుకున్నాను.
ఆ రోజంతా
ఆ చేత్తో కళ్ళు తుడుచుకోకుండా
జాగ్రత్తగా ఉన్నాను.