బిగువు

గట్టింగ్ మిషన్ను గోనెసంచిలో చుట్టుకుని
ఒంగోలు నుంచి రాత్రి బస్సులో హైదరాబాదు పోయాను,
ఆ యేడు, ఆ ఒక్కసారే.
పెద్ద టోర్నమెంటు. స్టేడియం మెట్ల కింద
నాకిచ్చింది నాలుగో నంబరు బల్ల.

పదిహేడేళ్ళ పిల్ల వచ్చి బ్యాటు పెట్టింది.
ఎండకు ముక్కు మీద తోలు ఊడుతోంది.
వెంట కోచ్ లేడు.
చీటీ మీద: ఫ్రాన్స్. సొలెన్ కెర్వాల్. ఇరవై నాలుగు పౌన్లు.

నేను చీరాల మగ్గం గుంటలో కాళ్ళు వేలాడేసి పెరిగినోణ్ణి.
నిలువు దారాలు నాకు పడుగు, అడ్డంవి పేక.
అల్లి ఇచ్చాక ఆ పిల్ల
సంతలో కుండ కొనేదానిలా
వేలి గణుపుతో కొట్టి, చెవి ఆనించి వింది.
తల అడ్డంగా ఊపింది.
చూపుడు వేలు సగానికి మడిచి చూపింది.
అర పౌను ఎక్కువ.
కోసేసి మళ్ళీ మొదట్నుంచి అల్లాను.
ఆ దారం ఖర్చు నాది.

ముప్పై ఒక్క నిమిషాల్లో ఓడిపోయింది,
క్వాలిఫయింగ్‌లోనే.
ఒళ్ళంతా చెమటతో వచ్చి ఐదొందల నోటిచ్చి నిలబడింది.
చిల్లర లేదన్నాను.
కదల్లేదు.
పక్క బల్లవాణ్ణడిగి నూట ఇరవై ఇచ్చాను,
లెక్కపెట్టుకుని మరీ పోయింది.
అప్పుడే అనుకున్నా,
ఈ పిల్ల ఇంకా ఆడుద్ది అని.

కర్నూలు రోడ్డులో పంక్చర్ షాపు పక్కన
నా కొట్టు. ఫెవికాల్ డబ్బాకి ఫోను ఆనించి పెడతాను.
చిన్న టోర్నమెంట్లకు బొమ్మ రాదు,
అంకెలొక్కటే కదుల్తాయి.
పద్దెనిమిది, ఇరవై.
పంతొమ్మిది, ఇరవై.
ఆ తర్వాత ఏమీ కదలదు.
పోర్చుగల్లో గెలిచింది, ఎస్టోనియాలో ఓడింది.
ఎక్కడున్నాయో ఆ ఊళ్ళు,
మన పొగాకు కొనుక్కుపోయే కంపెనీల పేర్లలా
విని వదిలేసే పేర్లు.
గెలిచిన రోజు పంక్చర్ షాపు హజరత్తుకి టీ చెప్పాను.
ఎందుకన్నాడు. ఊరికే అన్నాను.

తర్వాత ఎనిమిది నెలలు డ్రాలో పేరు లేదు.
పెళ్ళయిపోయిందనుకున్నా.
మా జిల్లా డ్రాలో ఆడపిల్ల పేరు మాయమైతే
అదే అనుకుంటాం, ఎక్కువసార్లు అదే నిజం.
కాదంట, మోకాట్లో నరం తెగిందంట.
తీగ తెగితే నాకు నలభై నిమిషాల పని.
మోకాలికి ఎంత బిగువు పెట్టాలో
ఏ చీటీ మీద రాస్తారో.

మొన్న మళ్ళీ కనపడింది, బొమ్మతో సహా.
జుట్టు కత్తిరించుకుంది. ముక్కు బాగయింది.
కాసేపు చూసి, ఫోను చెవికి ఆనించుకుని
కళ్ళు మూసుకుని విన్నాను.
టక్. టక్.
ఇరవై ఆరున్నర. భుజం ముదిరింది.
క్వార్టర్ ఫైనల్, మూడో గేము, ఇరవైఒకటి ఇరవైమూడు.
ఓడి, నెట్ దగ్గర చెయ్యి కలిపి,
సంచీ జిప్పు తనే వేసుకుంది.

టంగుటూరులో వేలం పాటలయ్యాక
ఖాళీ గోడౌన్లో సున్నంతో గీసిన కోర్టుంది.
పొగాకు దుమ్ముకు ఎగిరినప్పుడల్లా పిల్లలు తుమ్ముతారు,
షటిల్ ఈకలకు కూడా ఆ ఘాటే.
అక్కణ్ణుంచి వచ్చింది ప్రిసిల్లా,
గ్రేడింగ్ పనికి పోయే మార్తమ్మ కూతురు,
పన్నెండు నిండలేదు.
నా ఫోను వంక చూసి
"ఆ ఫ్రాన్సక్క ఎంతకి ఏపిచ్చుకుంటది?"
చెప్పాను.
"నాకూ అంతే ఎయ్యి."
"భుజం ఊడి చేతికొస్తది. పందొమ్మిది చాలు."
అలిగింది. అల్లినంతసేపు గోడ మీద బల్లిని చూస్తా కూచుంది.

లేచి రెండొందల నోటిచ్చింది,
వాళ్ళమ్మ కొంగు ముడిలో నలిగింది.
నూట అరవై.
చిల్లర లేదు, రేపు రా అన్నాను.

కదల్లేదు.

డ్రాయరు లాగాను.