అసలు ఎత్తు

వంటింటి ద్వారబంధం ఎడమ చెక్క మీద
పెన్సిల్ గీతలు సోల్రూన్‌వి.
నీలం సిరా గీతలు అప్పువి.

ఓర్వార్ మొదలుపెట్టిన ఆట.
రెండు కోట్ల క్రోనాలంటే ఒక మీటరు అన్నాడు,
రెండు లక్షలకో సెంటీమీటరు.
రెండు వేల అయిదు, సెప్టెంబరు.
అక్రానెస్‌లో ఈ ఎర్రరేకుల ఇంటికి
సంతకాలు పెట్టి వచ్చిన సాయంత్రం
పిల్లకి నాలుగేళ్లు, సరిగ్గా మీటరు.
ఇద్దరినీ పక్కపక్కన నిలబెట్టి గీశాడు.
"చూస్తూండు, నువ్వు పెరుగుతావు, ఇది తరుగుతుంది."

బ్యాంకులో అమ్మాయి మంచిదే.
నెలకి ఎనభై అయిదు వేలు, అంది నవ్వుతూ.
ఆఖరి పేజీ దాచలేదు.
నలభయ్యేళ్ల అడుగున, చిన్న అక్షరాల్లో,
ధరలు ఇలా పెరిగితే అని ఒక లెక్క:
పదకొండు కోట్లు.
నేనే చదవలేదు.
కిటికీ తెరలు ఏ రంగువి కొనాలా అని చూస్తున్నాను.

ఇక్కడి అప్పు సంగతి చెప్పాలి.
ధరలు పెరిగితే అసలూ పెరుగుతుంది.
రొట్టె, పెట్రోలు, గొర్రె మాంసం,
రేక్యావిక్‌లో ఎవడో జుట్టు కత్తిరించుకున్న ఖర్చు,
అన్నీ నడిచొచ్చి మా అసలు మీద కూర్చుంటాయి.
కట్టిన రోజు కన్నా మర్నాడు ఎక్కువ బాకీ.
వడ్డీ పిల్లల్ని పెడుతుందని విన్నాను గానీ
అసలే ఇలా ఏపుగా ఎదుగుతుందని
నాకెవరూ చెప్పలేదు.
చెప్పారు. ఆఖరి పేజీలో.

బ్యాంకు కూలింది.
అప్పు కూలలేదు, వేరే బ్యాంకులోకి నడిచి వెళ్లింది
మా పేరు మర్చిపోకుండా.

రెండు వేల పది:
పిల్ల నూట ముప్పై మూడు,
నీలం గీత నూట ముప్పై అయిదు.
సోల్రూన్ మునివేళ్ల మీద లేచింది.
"మోసం చెయ్యకు" అన్నాడు వాళ్ల నాన్న.
తర్వాత చాలాసేపు ఏమీ అనలేదు.

ఆ ఏడే అతని పడవలో వాటా అమ్మేశాం.
నేను చేపల ఫ్యాక్టరీలో రాత్రి షిఫ్టుకి మారాను.
కాడ్ చేప వెన్ను తీసే కత్తి
చలికి చేతిలో ఉందో లేదో తెలిసేది కాదు.

పదిహేనో ఏట అది అప్పుని దాటింది,
పదిహేను సెంటీమీటర్ల తేడాతో.
కేక్ చేశాం, నిజంగా.
పైన క్రీముతో గీత కూడా గీశాం.

మనుషులు ఎక్కడో ఒకచోట ఆగిపోతారు కదా.
సోల్రూన్ నూట డెబ్భై రెండు దగ్గర ఆగింది.
మళ్లీ ధరలు లేచాయి.
మొన్న శీతాకాలం ఓర్వార్
తన తల మీంచి చెయ్యెత్తి గీశాడు, నూట ఎనభై నాలుగు.
ఇంట్లో అందరికన్నా పొడుగు ఇప్పుడు అదే.
ఇంకా ఇరవై ఒక్క ఏళ్లుంది.

ఇంటి ధర కూడా పెరిగిందిగా, అంటుంది మా చెల్లెలు.
నిజమే, నాలుగింతలు.
కానీ ఒక కిటికీ కోసి అమ్మి
పన్ను కట్టించుకోలేను.

పోయిన ఆదివారం సోల్రూన్ వచ్చింది
తన బ్యాంకు కాగితాలతో.
ఇల్లు కాదు, రెండు గదుల ఫ్లాటు.
కోటు విప్పకుండానే ద్వారబంధం దగ్గర నిలబడింది,
అలవాటుగా వీపు ఆనించి.
తర్వాత తిరిగి, వంగి చూసింది.
"ఈ నాలుగూ నాన్న రాత కాదు.
ఏడు అంకెకి అడ్డగీత ఉంది."

స్టెయినున్ రాసింది, అన్నాను. పక్కింటావిడ.
తొమ్మిది నుంచి పన్నెండు దాకా.
నీ పుట్టినరోజులకి మేమిద్దరం షిఫ్టులో ఉన్నాం.

ఆ గీతల మీద వేలు పెట్టి
కిందనుంచి పైకి, ఒక్కొక్కటీ.
ఏమీ అడగలేదు.

కాఫీ పోశాను.
అది కాగితాల కట్ట బోర్లా తిప్పి
వెనకనుంచి చదవడం మొదలుపెట్టింది.