క్ష. క్ష. క్ష. పల్లె

కడప స్పాట్ వాల్యుయేషన్‌లో మూడో రోజు, సోమవారం.
ఏప్రిల్ ఎండకు పైన రేకులు చిటపటమంటాండాయి.
నా బెంచీ మీద నలభై జవాబు పత్రాలు,
ఒక ఎర్ర పెన్ను, సగం తాగిన మజ్జిగ ప్యాకెట్టు.

పదమూడో ప్రశ్న:
మీ ఊరి తాగునీటి ఇబ్బంది గురించి
పై అధికారికి లేఖ రాయండి.
పేరు, ఊరు రాయరాదు. ఆ చోట్ల క్ష. క్ష. క్ష. అని పెట్టండి.

చీఫ్ ఫకృద్దీన్ సారు పొద్దున్నే చెప్పినాడు:
తేదీకి అర, సంబోధనకు అర,
విషయానికి ఒకటి, ముగింపుకు ఒకటి,
మిగతా అయిదూ నడుమ ఉండే బాధకు.
ఆయన బాధ అనలేదు లెండి,
విషయ విస్తరణ అన్నాడు.

ఇరవై రెండేండ్లుగా నేను చెప్పే పాఠమే ఇది.
రాసే ముందు మొహం ఎటు తిప్పినావో చూసుకోరా అంటాను.
అర్జీ తల పైకెత్తి రాసేది,
మెడ నొప్పి పుట్టకముందే ముగించల్ల.
కరపత్రం సంతలో నిలబడి అరిచేది,
సెనిక్కాయలు పొట్లం కట్టిచ్చినా
తిన్నాక విప్పి చదివేట్టు ఉండల్ల.
నివేదికలో నువ్వు ఉండకూడదు, నీ కండ్లు ఉండల్ల.
జాబు మాత్రం
భుజమ్మీద చెయ్యేసి రాయి.

పిల్లోళ్లు బాగనే నేర్చినారు.
ముప్పై ఒక్క పత్రాల్లో ఒకే ఉత్తరం:
"మా గ్రామమునందు నీటి ఎద్దడి మిక్కిలిగా ఉన్నది.
కావున తాము దయతలచి..."
గైడు పుస్తకం దప్పిక.
ఏడు, ఏడు, ఆరున్నర, ఏడు.

ముప్పై రెండోది విషయం లేకుండానే మొదలైంది.

"సారూ, ట్యాంకరు మంగళవారం వస్తాది.
బిందెలు పెడితే ఎత్తకపోతారని
సోమవారం రాత్రే వరసలో చెప్పులు పెట్టి పోతాం.
మా అవ్వకు చెప్పులు లేవు, చీపురు పెడతాది.
దాన్ని కుక్క లాక్కపోతే
ఆ వారం మాకు వరస లేదు.
కొత్త బోరు ఆరు నూర్ల నలభై అడుగులు పోయి బూడిద లేసింది.
పాత బోరింగు నీళ్లకు నా పండ్లు పచ్చగైనాయి,
హాల్‌టికెట్టు ఫోటోలో అందుకే నవ్వలేదు.
ఇది పరీక్ష కోసమని తెలుసు.
అయినా దిద్దేవాళ్లు ఎవరో ఒకరు చదవల్ల కదా,
తప్పదు కదా,
అందుకని రాసినా."

ఎర్ర పెన్ను ఆగింది.
పైకి చూసి మొదలుపెట్టినోడు
నడుమ మెడ తిప్పి నన్ను చూసినాడు.

ఇట్లు కింద ఊరి పేరు రాసి,
రూలు గుర్తొచ్చి కొట్టేసినాడు.
కొట్టేసినదాని మీద మళ్లా కొట్టేసినాడు.
పక్కన బుద్ధిగా క్ష. క్ష. క్ష.
కాగితాన్ని కిటికీ వెలుతురుకు పట్టినా.
చివరి రెండక్షరాలు దొరికినాయి:
పల్లె.

కదిరి నుంచి నంద్యాల దాకా
పల్లె కానిదేముంది సామీ!

విషయం లేదు, ఒకటి పోయింది.
విధేయుడు లేడు, అర పోయింది.
ఆరున్నర వేసి, సంతకం చేసి, కట్టలోకి తోసినా.

రాత్రి ఎర్రముక్కపల్లె లాడ్జిలో
తెల్లకాగితం తీసుకోని కూచున్నా.
తేదీ వేసినా.
గౌరవనీయులైన అన్నా.
విషయం: తాగునీరు, కింద గీత.
నుండి అనే చోట చెయ్యి ఆడలేదు.
ఏ ఊరి నుండి?
పేరు చెప్పొద్దన్నది మేమే కదా.

బాత్రూంలో బకెట్టు నిండి పొర్లే చప్పుడు.
ఉరికిపోయి కొళాయి కట్టేసినా.
యాడనో ఈపాటికి
చెప్పులు వరస కడతాంటాయి,
వాటి నడుమ ఒక చీపురు.

పొద్దున ఫకృద్దీన్ సారు కొత్త కట్ట పెడుతూ
నిన్నటివాటిల్లో అనుమానాలేమన్నా ఉండాయా మేడమ్ అన్నాడు.
ఒక్క మార్కు సార్, అన్నా.
విషయం ఉండె. నేనే చూళ్లేదు.
సీలేసి పంపిస్తిమి గదమ్మా అని
ఆయన మజ్జిగ ప్యాకెట్టు నా ముందు పెట్టినాడు.

చల్లగా ఉంది.
మూల కొరక్కుండా
చానా సేపు చేతిలో పట్టుకున్నా.