వాళ్ళ తొమ్మిది, మా మూడు

మా జాంజిబార్‌లో పొద్దు పొడిచాకే
గంటలు లెక్కపెట్టడం మొదలు.
ఓడ మీద తొమ్మిదైతే మాకు మూడు.
అందుకే,
"తొమ్మిదింటికల్లా కోట మీద జెండా దిగాలట" అని
కాఫీ అమ్మే మకామే సందు మొగలో అరిచినప్పుడు
ఇంకా బోలెడు పొద్దుందనుకున్నాను,
ఆక్టోపస్‌ను రాతికేసి బాదుతూ.

మొన్ననే పోయాడు సుల్తాను.
విషమని కొందరు, గుండె ఆగిందని కొందరు.
గోరీ మీద మట్టి తడి ఆరలేదు,
తమ్ముడి వరస వాడొకడు కుర్చీ ఎక్కాడు.
దొరను అడక్కుండా ఎక్కాడట.
తప్పంతా అక్కడే ఉందట.

మా వువాయ్ కోటలో గుర్రాలకు నీళ్ళు పెట్టేవాడు.
రాత్రి వాడి చేతికి తుపాకీ ఇచ్చారని తెలిసింది.
ఎలా పట్టుకున్నాడో!
బొక్కెన పట్టుకున్నట్టే పట్టుకుని ఉంటాడు,
ఒలికిపోతుందేమోనని.

కుండ పొయ్యి మీదికి ఎక్కించాను.
నీళ్ళు మరగకముందే మొదటి ఫిరంగి.
గూట్లో లాంతరు చిమ్నీ దానంతటదే పగిలింది.
ఆ తర్వాత నేను లెక్కపెట్టలేదు.
ఎవరు లెక్కపెట్టారో గానీ
ముప్పై ఎనిమిది నిమిషాలన్నారు,
నలభై అన్నారు, నలభై ఐదన్నారు.
ఆ తేడా ఏడు నిమిషాల్లో ఎందరు పోయారో
ఒక్కరూ చెప్పలేదు.

నాకు తెలిసిన కొలత ఒకటే:
మంట ఆగింది,
కుండలో ముక్క ఇంకా మెత్తబడలేదు.

కోట దూలాలు కాలిన బూడిద
చాప మీద ఆరబోసిన లవంగాల మీద రాలింది.
కూర్చుని ఒక్కోటీ ఊదాను.
ఎందుకు ఊదానో అడక్కండి.
చేతులకు ఏదో ఒకటి కావాలి కదా.

మా లెక్కన తొమ్మిదయ్యేసరికి,
ఎండ వాలాక,
ఇంకో సుల్తాను వచ్చాడు.
ఇతను అడిగే కూర్చున్నాడు.

రేవులో రాజు ఓడ మునిగింది గానీ
కొయ్యలు నీళ్ళ పైకి నిలబడే ఉన్నాయి.
అప్పుడే ఒక జాలరి
తన పడవ తాడు దానికి కట్టేశాడు.

వువాయ్ రాలేదు.
చీకటిపడే వేళ గుర్రం ఒకటి వచ్చింది,
కళ్ళెం లేదు, తోక సగం కాలింది,
మా గుమ్మం ముందు నిలబడి
లోపలికి చూసింది.
వాడి బొక్కెన తెచ్చి నింపాను.
ఎవరిదీ గుర్రం, అన్నాడు మకామే.
ముందు తాగనీ, అన్నాను.